రైలెక్కిన దుకాణం

మద్రాసు మౌంట్ రోడ్డు మీద ఎర్ర మేడ కట్టుకున్న స్పెన్సర్ కంపెనీ దొరల ఇళ్లకు సరుకు పంపింది, రైలు ప్రయాణికులకు భోజనం వడ్డించింది, చుట్టలు చుట్టించింది, హోటళ్లు నడిపింది. నూట ముప్ఫై ఏళ్లు దాటాక మన హైదరాబాదులో, విశాఖలో పప్పూ ఉప్పూ కూడా అమ్మింది. ఆ పేరు నడిచిన దారి ఇది.

నీలగిరి కొండల్లో తోట వేసుకున్న ఇంగ్లీషు దొరకు 1890లలో ఒక పెట్టె విస్కీ, రెండు డబ్బాల బిస్కెట్లు, పిల్లవాడికి ఒక జత బూట్లు కావలసి వచ్చాయనుకుందాం. దగ్గర్లో సంత ఉంది కానీ సంతలో ఇవేవీ దొరకవు. లండన్‌కు రాస్తే జోడు చేతికొచ్చేసరికి పిల్లవాడి పాదం పెరిగిపోతుంది. అందుకని దొర మద్రాసుకు ఉత్తరం రాసేవాడు. మౌంట్ రోడ్డులో గుమాస్తా ఆ ఉత్తరం విప్పి, దొర పేరిట ఉన్న పద్దులో రాసుకుని, ఏ విభాగం నుంచి ఏం తీయాలో చీటీ పంపేవాడు. సీసాల మధ్య గడ్డి కూరి, చెక్కపెట్టెకు మేకులు కొట్టి స్టేషనుకు తోలేవారు. మేట్టుపాళయం దాకా రైలు. అక్కణ్నుంచి ఘాట్ రోడ్డు మీద ఎడ్లబండి. బండి పోలేని చోట కూలి నెత్తి. సీసా పగలకుండా, బిస్కెట్టు మెత్తబడకుండా పెట్టె బంగళా వరండాలో దిగేది. బిల్లు తర్వాత వచ్చేది.

స్పెన్సర్ గురించి ఎవరు మాట్లాడినా ముందు ఆ ఎర్ర మేడ గురించే మాట్లాడతారు. బురుజులు, కమానులు, అద్దాల అలమరాలు, మేడ కాలిపోయిన రోజు. మేడ అందమైనదే, కాదనను. కానీ ఆ కంపెనీ బలం మేడలో లేదు. కొన్నవాడు ఎక్కడుంటే అక్కడికి సరుకునూ, వంటవాణ్నీ, మంచాన్నీ కూడా చేర్చగలగడంలో ఉంది. ఆ చేరవేతలో చెమటోడ్చిన చేతులు దాదాపు అన్నీ మన దేశం మనుషులవే. అందుకే ఈ కథను మేడ చుట్టూ కాక, దాని సరుకు వెళ్లిన దారుల వెంట చెప్పాలి.

దుబాసీ పక్కకు తప్పుకున్నాడు

చెన్నపట్నం పుట్టిన నాటి నుంచీ తెల్లవాళ్ల బేరసారాలు రెండు భాషలూ తెలిసిన మధ్యవర్తుల, అంటే దుబాసీల, నోటి మీదుగానే నడిచాయి. 1639లో ఈస్టిండియా కుంపినీ తరఫున ఫ్రాన్సిస్ డే కోటకు నేల సంపాదించినప్పుడు పక్కన నిలబడి మాట సాగించిన బేరి తిమ్మప్ప తెలుగువాడే. ఆ తర్వాత రెండు వందల ఏళ్లు కుంపినీ ఉద్యోగి ఇంటికి ఏం కావాలన్నా దుబాసీయో బట్లరో తెచ్చిపెట్టాలి. అసలు ధరెంతో దొరకు తెలియదు, అందులో ఎవరి వాటా ఎంతో అడిగినా తేలదు. సీమ సరుకు కావాలంటే ఓడ వచ్చినప్పుడు వేలంలో పాడుకోవాలి. ఓడ ఆలస్యమైతే ఎదురుచూడాలి.

1863లో చార్లెస్ డ్యూరంట్, జాన్ విలియం స్పెన్సర్ అనే ఇద్దరు మౌంట్ రోడ్డులో ఒక చిన్న కొట్టు తెరిచారు. మరో ఆరేళ్లకు సూయజ్ కాలువ తెరుచుకుంది. ఆఫ్రికా చుట్టూ తిరిగి నెలల తరబడి సాగిన ప్రయాణం వారాల్లోకి వచ్చింది. ఎప్పుడు ఏ ఓడ వస్తుందో ముందే చెప్పగలిగే రోజులొచ్చాయి. అంటే కొట్టువాడు వచ్చే నెలకు ఏం తెప్పించాలో ఈ నెలే లెక్క వేసుకోవచ్చు. ఉద్యోగుల భార్యాపిల్లలు కూడా ఎక్కువగా రాసాగారు. వాళ్లతోపాటే ఇంటి అవసరాలు పెరిగాయి. కర్టెన్లు, పింగాణీ, పిల్లల దుస్తులు, మందులు, క్రిస్మస్‌కు పుడ్డింగు. వేలంపాటలతో గడిచే ఇల్లు కాదది. ఏడాది పొడుగునా తెరిచి ఉండే దుకాణం కావాలి, వస్తువు మీద ధర రాసి ఉండాలి.

మన కొట్లలో కొనుగోలు ఎలా సాగేదో తెలుసు కదా. బట్టల షావుకారు జంపఖానా పరిచి కూర్చోబెడతాడు, మజ్జిగ ఇస్తాడు, తాను తర్వాత తాను విప్పుతాడు, ధర చెప్పకముందే కుటుంబం క్షేమం అడుగుతాడు. బేరం అంటే ఇద్దరు మనుషుల మధ్య జరిగే పని. డిపార్ట్‌మెంట్ స్టోర్ ఆ మనిషిని తీసేసి అక్కడ ఒక చీటీని అతికించింది. యజమాని కనిపించడు. అమ్మే గుమాస్తాకు ధర తగ్గించే అధికారం లేదు. ఇప్పుడు మనకు ఇది మామూలు విషయం. ఆ రోజుల్లో మాత్రం వ్యాపారపు తీరునే తలకిందులు చేసిన మార్పు. దుబాసీల ప్రాబల్యం తగ్గడానికి ఇంకా కారణాలున్నా, దొరసాని నేరుగా వెళ్లి ధర చదివి కొనగలిగే చోటు దొరకడం చిన్న కారణం కాదు.

డ్యూరంట్ ముందే తప్పుకున్నాడు. తర్వాత స్పెన్సర్ కూడా వదిలేశాడు. 1880లలో యూజీన్ ఓక్‌షాట్ వ్యాపారాన్ని కొన్నాడు. కొట్టును సంస్థగా మార్చినవాడు ఈయనే. కానీ పేరు మార్చలేదు. అప్పటికే సరుకు తెప్పించుకునే బంగళాల్లో స్పెన్సర్ అనే మాట స్థిరపడి ఉండాలి. అలా కొట్టును వదిలేసినవాడి పేరు తరతరాలు బతికింది, దశాబ్దాలు పాటుపడినవాడి పేరు చరిత్ర తెలిసినవాళ్లకే మిగిలింది.

1895లో మౌంట్ రోడ్డు మీద కొత్త భవనం లేచింది. డబ్ల్యూ.ఎన్. పాగ్సన్ గీసిన ఇండో సారసెనిక్ నమూనా. ఎర్ర ఇటుక, కమానులు, మూలన బురుజులు. లోపల 80కి పైగా విభాగాలు. ఉపఖండంలోని తొలి డిపార్ట్‌మెంట్ స్టోర్లలో ఒకటిగా దాన్ని లెక్కిస్తారు. 1897లో స్పెన్సర్ అండ్ కంపెనీ పబ్లిక్ లిమిటెడ్ కంపెనీ అయింది. ఆ వీధిలో అప్పటికే హిగ్గిన్‌బాథమ్స్ పుస్తకాలు అమ్ముతోంది, పి. ఆర్ అండ్ సన్స్ గడియారాలూ నగలూ అమ్ముతోంది. మౌంట్ రోడ్డు తెల్లవాళ్ల బజారుగా స్థిరపడింది.

నల్లవాళ్లు రావద్దని తలుపు మీద బోర్డు పెట్టాల్సిన పని లేదు. సరుకు రకం, ధర, లోపలి వాతావరణం కలిసి ఆ పని చేసేవి. మద్రాసులో మేడలున్న జమీందార్లు, పెద్ద వకీళ్లు, సంస్థానాల వాళ్లు వెళ్లి ఉంటారు. మిగతా నగరం అటు చూసి నడిచిపోయేది. అదే నగరానికి రోజూ కూరగాయలు పంచిన కొత్వాల్ చావడి మార్కెట్ మన ఆర్యవైశ్యుల కన్యకాపరమేశ్వరి దేవస్థానానిది. తెల్లవారుజామున బళ్లు దిగి, పగలు ఎక్కేసరికి బేరాలు ముగిసే చోటు. 1996లో వ్యాపారం కోయంబేడుకు మారేదాకా మద్రాసు కడుపు నింపింది అదే. చెన్నపట్నం వ్యాపార చరిత్ర రాసేవాళ్లు మౌంట్ రోడ్డుకు ఇచ్చిన పేజీల్లో సగమైనా కొత్వాల్ చావడికి ఇవ్వరు. అది అన్యాయమని నా గట్టి నమ్మకం.

పట్టాల వెంట వడ్డన

స్పెన్సర్‌ను మిగతా దుకాణాల నుంచి వేరు చేసింది రైలు. ఉత్తరాది, తూర్పు మార్గాల్లో కెల్నర్ కంపెనీ, బొంబాయి వైపు బ్రాండన్ ఎలా రైలు భోజనశాలలు నడిపాయో, దక్షిణాదిలో ఆ పని స్పెన్సర్ చేతికి వచ్చింది. మద్రాస్ అండ్ సదరన్ మరాఠా రైల్వే 1908లో ఏర్పడింది. మన గూడూరు, రేణిగుంట, గుంతకల్లు, బెజవాడ దాని పట్టాల మీదివే. అంతకు కొన్నేళ్ల ముందే, 1900లో, రాజమండ్రి దగ్గర గోదావరి మీద హేవలాక్ వంతెన తెరుచుకుని మద్రాసు నుంచి కలకత్తాకు తీరం వెంట దారి కలిసింది. రోజుల తరబడి సాగే ప్రయాణాలవి. ప్రయాణికుడికి ఆకలేస్తుంది. మొదటి తరగతి ప్రయాణికుడికి ఇంట్లో తినే పద్ధతిలోనే తినాలని ఉంటుంది.

ఆ భోజనం ఎలా జరిగేదో కాస్త దగ్గరగా చూద్దాం. భోజనం స్టేషను రాకముందే వెనక స్టేషనులో గార్డు పై తరగతి పెట్టెల దగ్గరికొచ్చి ఎందరికి కావాలో లెక్క రాసుకునేవాడు. ఆ లెక్క తంతి మీద ముందు స్టేషనుకు పరిగెత్తేది. అక్కడ బొగ్గు పొయ్యిల మీద అప్పటికే సూప్ మరుగుతూ ఉంటుంది. రైలు ఆగేసరికి బల్లల మీద తెల్ల గుడ్డ, ముళ్ల చెంచాలు, గ్లాసుల్లో మడిచిన రుమాళ్లు. తలపాగా, తెల్లకోటు, నడుముకు పట్టీ కట్టిన బేరర్లు గోడ వారగా నిలబడి ఉంటారు. సూప్, చేప, కట్లెట్, కూర, అన్నం, చివర కస్టర్డ్. ఇంజన్‌కు నీళ్లు పట్టే లోపు ఇదంతా ముగియాలి. ఈల పడిందంటే దొర కుర్చీలోంచి లేచినట్టే, తిన్నది సగమైనా సరే. తర్వాత భోజనపు పెట్టెలు రైలుకే తగిలించడం మొదలయ్యాక ఈ హడావుడి తగ్గింది, వంటవాళ్ల కష్టం మాత్రం పెరిగింది. కుదుపులతో ఊగే ఇరుకు గదిలో, పొయ్యి సెగలో, వేసవిలో నెల్లూరు దాటేటప్పుడు నిలబడి వండటం ఎంత కష్టమో ఊహించవచ్చు.

ఇదే రైల్లో వెనక పెట్టెల్లో కిక్కిరిసి కూర్చున్న మూడో తరగతి జనం చద్ది మూటలు విప్పుకునేవారు, కిటికీ దగ్గరికొచ్చిన అమ్మకందారు దగ్గర అరటిపళ్లు కొనుక్కునేవారు. రైల్వేకు టికెట్ల డబ్బు ఎక్కువగా వచ్చింది వాళ్ల దగ్గరి నుంచే. సౌకర్యాలు మాత్రం ముందు పెట్టెలకు. హిందువుల కోసం విడిగా భోజనశాలలు వచ్చాయి, వాటిలోనూ బ్రాహ్మణులకు వేరే గది. టికెట్టు ధర ఒకటే అయినా కూర్చునే పీట వేరు. జస్టిస్ పార్టీ, ఆత్మగౌరవ ఉద్యమం దీని మీద ఏళ్ల తరబడి పోరాడాయి. 1940ల మొదట్లో గానీ దక్షిణాది రైల్వేలు ఆ బోర్డులు తీయలేదు. రైలు అందరినీ కలిపిందని మనం పాఠాల్లో చదువుకున్నాం. ప్లాట్‌ఫారం మీది భోజనశాలల వరస చూస్తే అది ఎంత వరకు నిజమో తెలుస్తుంది.

రైలుతోపాటు హోటళ్లు వచ్చాయి. 1891లో ఓక్‌షాట్ మౌంట్ రోడ్డు దుకాణానికి ఆనుకుని ఉన్న కన్నెమరా హోటల్ కొన్నాడు. దానికి ఆ పేరు మద్రాసు గవర్నరు కన్నెమరా ప్రభువు వల్ల వచ్చింది. బెంగుళూరులో వెస్ట్ ఎండ్, ఊటీలో సవాయ్, కొచ్చిలో మలబార్ కూడా కాలక్రమంలో స్పెన్సర్ వాళ్లవే అయ్యాయి. ఈ పేర్లన్నీ ఒకచోట పెట్టి చూడండి. మద్రాసులో ఓడ దిగినవాడు స్పెన్సర్ హోటల్లో పడుకుని, స్పెన్సర్ కొట్లో టోపీ కొనుక్కుని, స్పెన్సర్ భోజనం తింటూ రైల్లో వెళ్లి, ఎండాకాలం ఊటీలో మళ్లీ స్పెన్సర్ గదిలోనే దిగొచ్చు. మధ్యలో దాహమేస్తే స్పెన్సర్ సోడా. దేశం మారినా అలవాటు మారనక్కర్లేకుండా చేయడం ఆ కంపెనీ అమ్మిన అసలు సరుకు. అందుకు కొన్నవాళ్లు ఎంతైనా ఇచ్చారు, ఆ డబ్బు ఈ నేల పన్నుల నుంచీ, తోటల నుంచీ వచ్చిందే.

తిరువనంతపురంలో ఇప్పటికీ స్పెన్సర్ జంక్షన్ అనే కూడలి ఉంది. బస్సు కండక్టరు అరుస్తాడు, జనం దిగుతారు.

లంక పొగాకు, దిండిగల్ చుట్ట

స్పెన్సర్ దిగుమతులతోనే ఆగలేదు. ఇక్కడి సరుకు బయటికి పంపడంలోనూ చేయి పెట్టింది. దిండిగల్‌లో చుట్టల కర్మాగారం నడిపింది. తిరుచ్చి చుట్టగా ప్రపంచమంతా పేరుపడిన పొగాకు ఆ ప్రాంతానిదే. ‘లైట్ ఆఫ్ ఏషియా’ అనే పేరుతో స్పెన్సర్ చుట్టలు ఇంగ్లండ్ క్లబ్బుల దాకా వెళ్లాయి. బల్లల ముందు వరసగా కూర్చున్న పనివాళ్లు ఆకు తడిపి, ఈనె తీసి, లోపలి పొగాకు చేత్తో సర్ది, పై ఆకు చుట్టి, కొసను జిగురుతో అతికించే పని అది. బిగువు ఎక్కువైతే పొగ రాదు, తక్కువైతే ఒకవైపే కాలుతుంది. వేళ్లకే తెలిసే విద్య.

ఇక్కడ మన గోదావరి గుర్తుకు రావాలి. కోనాన్ డాయిల్ షెర్లాక్ హోమ్స్ తొలి నవలలో, అంటే 1887లో, హంతకుడు కాల్చిన తిరుచ్చి చుట్టను హోమ్స్ బూడిద చూసి గుర్తుపడతాడు. 1890లో వచ్చిన రెండో నవలలో హోమ్స్ నోట మరో చుట్ట పేరు వినిపిస్తుంది: లంక. గోదావరి లంకల్లో, వరద ఒండ్రు మీద పండిన పొగాకుతో చుట్టిన చుట్ట అది. లండన్ పాఠకుడికి వివరించాల్సిన అవసరం లేనంతగా లంక చుట్ట అప్పటికే తెలుసన్నమాట. కాకినాడ రేవు నుంచి ఆ పొగాకు బర్మాకు ఓడలకొద్దీ వెళ్లేది. వరద వస్తుందో రాదో తెలియని ఇసుక మీద నారు నాటిన లంక రైతుకు తన ఆకు ఎవరి పెదవుల మధ్య కాలుతోందో తెలిసే వీల్లేదు. ఆ రైతు పేరు ఏ నవలలోనూ లేదు.

బర్మాకు పొగాకే కాదు, మనుషులూ వెళ్లారు. విశాఖ, గోదావరి, గంజాం జిల్లాల నుంచి వేలాది మంది రంగూన్ రేవులో మూటలు మోశారు, బియ్యం మిల్లుల్లో పనిచేశారు. ఆ రోజుల్లో రంగూన్‌లో రో అండ్ కంపెనీ అనే పెద్ద డిపార్ట్‌మెంట్ స్టోర్ ఉండేది, సూలే పగోడాకు దగ్గర్లో. దాని అలమరాల్లో పేర్చిన సీమ సామాను ఓడలోంచి దిగింది ఎక్కువగా తెలుగు కూలీల వీపుల మీదే. 1930 మే నెలలో ఆ రేవు కూలీలు సమ్మె చేశారు. వాళ్ల స్థానంలో బర్మా కూలీలను పెట్టారు. సమ్మె తీరి తెలుగువాళ్లు పనిలోకి తిరిగి రాగానే ఘర్షణ రేగి నగరమంతా పాకింది. ఎందరో తెలుగువాళ్లు ప్రాణాలు పోగొట్టుకున్నారు. వలస పాలన నాటి దుకాణాల చరిత్ర అంటే అద్దాల వెనక బొమ్మలకు తొడిగిన గౌన్ల చరిత్రే అనుకుంటే ఈ సంగతులన్నీ జారిపోతాయి.

నగదు కొట్టు, ఖాదీ భండారు

స్పెన్సర్‌కు పోటీ లేకపోలేదు. కలకత్తాలో 1882లో రాబర్ట్ లైడ్లా అనే స్కాట్లండ్ యువకుడు ఎడ్వర్డ్ వైట్‌అవేతో కలిసి మొదలుపెట్టిన వైట్‌అవే లైడ్లా దుకాణం చూస్తుండగానే బొంబాయి, మద్రాసు, లాహోర్, సిమ్లా, రంగూన్, కొలంబో, సింగపూర్, షాంఘై దాకా పాకింది. స్పెన్సర్ పెద్ద దొరలకు అరువు పద్దు తెరిస్తే, వైట్‌అవే నగదుకే అమ్మింది. జీతం చేతికొచ్చిన రోజే కొనే చిన్న ఉద్యోగులు, ఆంగ్లో ఇండియన్లు, ఇంగ్లీషు చదువుకున్న మన గుమాస్తాలు దాని కొనుగోలుదారులు. బొమ్మల క్యాటలాగు అచ్చేసి ఊరూరా పంపేది. 1877లో తపాలా శాఖ వీపీపీ పద్ధతి తెచ్చాక పార్సిల్ విప్పే ముందు పోస్టుమాన్‌కు డబ్బు కడితే సరిపోయేది. దుకాణం మొహం చూడని పట్నాల్లో కూడా కోట్లు, గొడుగులు, చేతి గడియారాలు ఇలాగే చేరాయి.

లైడ్లా మనిషిగా ఆసక్తికరమైనవాడు. 1906 నుంచి 1910 దాకా బ్రిటిష్ పార్లమెంటులో లిబరల్ సభ్యుడు. ఇండియా నుంచి చైనాకు నల్లమందు పంపే వ్యాపారాన్ని ఎదిరించాడు, 1909 షాంఘై నల్లమందు సమావేశానికి బ్రిటన్ ప్రతినిధుల్లో ఒకడిగా వెళ్లాడు. నీలగిరుల్లో కేత్తి దగ్గర ఆంగ్లో ఇండియన్ పిల్లల బడి ఆయన పేరు మీదే ఉంది. ఇంత మంచి పని చేసిన మనిషి మిల్లు బట్టల వ్యాపారం మన నేతగాళ్ల మగ్గాలకు ఏం చేస్తోందో ఆలోచించాడా అన్న ప్రశ్న నన్ను వదలదు.

ఆ ప్రశ్నను జనమే అడిగారు. 1907లో బిపిన్ చంద్రపాల్ విశాఖ నుంచి మచిలీపట్నం దాకా ఊళ్లు తిరిగి, మద్రాసు సముద్రతీరంలో వేలాది మంది ముందు విదేశీ వస్తువుల్ని వదలమన్నాడు. ఆ వేడిలోంచే 1910లో మచిలీపట్నంలో ఆంధ్ర జాతీయ కళాశాల పుట్టింది. గాంధీ రోజులకు పొందూరు సన్న ఖద్దరు దేశానికంతా తెలిసింది. అమృతాంజనంతో సంపాదించిన కాశీనాథుని నాగేశ్వరరావు మద్రాసు నుంచి ఆంధ్రపత్రిక నడుపుతూ ఆ ఉద్యమానికి గొంతయ్యాడు. బొంబాయి హార్న్‌బీ రోడ్డులో వైట్‌అవే లైడ్లా ఉన్న భవనంలో 1946లో ఖాదీ భండారు తెరిచారు. లాంకషైర్ బట్ట కొలిచిన బల్లల మీద చేనేత విప్పారు. మద్రాసులో వైట్‌అవే భవనం స్వదేశమిత్రన్ పత్రిక చేతికి వచ్చి విక్టరీ హౌస్ అయింది, తర్వాత వీజీపీ వ్యాపార సంస్థ చేతికి వెళ్లింది. స్వదేశమిత్రన్ పుట్టిందీ 1882లోనే.

దొరలు వెళ్లాక

స్పెన్సర్ మీద దెబ్బలు ఒకదాని వెనక ఒకటి పడ్డాయి. రాజాజీ ప్రభుత్వం 1937లో సేలంలో మద్యనిషేధం మొదలుపెట్టి, 1938లో మన చిత్తూరు, కడప జిల్లాలకు తెచ్చింది. 1948 నాటికి మద్రాసు రాష్ట్రమంతా నిషేధమే. వైన్లూ విస్కీలూ పెద్ద ఆదాయంగా ఉన్న కంపెనీకి అది మామూలు నష్టం కాదు. 1947లో ఖాతాదారులే ఓడలెక్కారు. 1950లలో విదేశీ మారకం కరువై దిగుమతుల మీద ఆంక్షలు బిగిశాయి. అలమరాల్లో సీమ డబ్బాలు పెట్టడానికే వీల్లేకపోయింది. రైల్వే భోజనాల మీద అళగేశన్ కమిటీ 1950ల మధ్యలో సిఫార్సులు చేశాక రైల్వేలే సొంతంగా వంటశాలలు నడపడం పెంచాయి. పట్టాల మీది రాబడి కూడా తరగసాగింది.

ఇదే కాలంలో తెలుగువాళ్లకూ మద్రాసు చేజారింది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం కర్నూలు రాజధానిగా ఏర్పడింది. మద్రాసు అటు ఉండిపోయింది. కచేరీ పనికో, హైకోర్టు కేసుకో, చదువుకో మౌంట్ రోడ్డు మీద నడిచిన మన తరం ఒకటి ఉంది. ఆ ఎర్ర మేడను వాళ్లు తమ రాజధానిలోని భవనంగానే చూశారు. నగరం బజారు కూడా మెల్లగా పనగల్ పార్కు చుట్టూ చేరింది. ఆ పార్కు పేరు మన కాళహస్తివాడైన పనగల్ రాజా పానగంటి రామారాయణింగారిది, 1921 నుంచి 1926 దాకా మద్రాసు ప్రధానమంత్రి. అక్కడి పట్టుచీరల కొట్లలో మర్యాద, కూర్చోబెట్టడం తిరిగొచ్చాయి.

1980ల తొలినాళ్లలో ఒక అగ్నిప్రమాదం ఎర్ర మేడను మింగేసింది. 1985లో మూర్ మార్కెట్ కూడా కాలిపోయింది. పాత పుస్తకాల కోసం తెలుగు రచయితలు, విద్యార్థులు గంటలు గడిపిన చోటు అది. కొద్ది ఏళ్ల తేడాలో మద్రాసు తన రెండు పాత బజార్లను పోగొట్టుకుంది, ఒకటి ధనికులది, ఒకటి మధ్యతరగతిది. స్పెన్సర్ స్థలంలో 1990ల మొదట్లో స్పెన్సర్ ప్లాజా లేచింది. ఎస్కలేటర్, చల్లటి గాలి, వరసగా చిన్న చిన్న షాపులు. దేశంలో మాల్ అనే మాట అలవాటవుతున్న కాలం. వేసవి సెలవుల్లో బంధువుల ఇంటికి మద్రాసు వెళ్లిన నెల్లూరు, తిరుపతి పిల్లలకు అది చూసి తీరాల్సిన చోటు. హోటళ్ల నిర్వహణ అప్పటికే తాజ్ గ్రూపుకు చేరింది.

మన వీధుల్లోకి

1989లో ఆర్పీజీ గ్రూపు స్పెన్సర్‌ను కొన్నది. 1996లో మద్రాసులో ఫుడ్‌వరల్డ్ పేరుతో సూపర్‌మార్కెట్లు మొదలుపెట్టింది. కొన్నవాడే బుట్ట పట్టుకుని అలమరాల మధ్య తిరిగి, పప్పు పొట్లాం తీసి చూసి, నచ్చితే వేసుకునే పద్ధతి. కిరాణా కొట్లో చీటీ చదివి కాటా మీద తూయించుకున్న మన ఇళ్లకు అది కొత్త. 2001లో అదే గ్రూపు జెయింట్ పేరుతో హైపర్‌మార్కెట్ తెరిచింది. దేశంలో ఆ తరహా దుకాణాల్లో మొదటిది. తెరిచింది హైదరాబాదులో. తర్వాత ఆ వ్యాపారంలోని భాగస్వాములు విడిపోయినప్పుడు ఆర్పీజీ తన వాటాకు వచ్చిన కొట్లకు కంపెనీ పాత పేరు పెట్టింది. అలా స్పెన్సర్స్ బోర్డు హైదరాబాదులో, విశాఖలో, ఇంకా మన పట్టణాల్లో వెలిగింది. ఒకప్పుడు మన ఊళ్ల మీదుగా పోయే రైల్లో దొరలకు మాత్రమే వడ్డించిన కంపెనీ, సోనా మసూరి బియ్యం మీద తగ్గింపు ప్రకటించి మన అమ్మలను పిలిచింది.

ఆ పిలుపు ఎల్లకాలం సాగలేదు. అప్పటికే ఇక్కడ స్థానికులు రంగంలో ఉన్నారు. హైదరాబాదులో పుట్టిన త్రినేత్ర 2007లో బిర్లాల చేతికి వెళ్లి మోర్ అయింది. రత్నదీప్ లాంటివి కాలనీ కాలనీకీ చేరాయి. ఏ పండక్కి ఏ సరుకు ముందుకు పెట్టాలో, ఏ వీధిలో ఏ బియ్యం తింటారో వీళ్లకు తెలుసు. ఒకప్పుడు దొర ఇంట్లో ఏ బిస్కెట్టు తింటారో స్పెన్సర్ గుమాస్తాకు తెలిసినట్టే. 2024లో స్పెన్సర్స్ ఆంధ్రప్రదేశ్, తెలంగాణల నుంచీ, ఢిల్లీ పరిసరాల నుంచీ తప్పుకుంది. ఇప్పుడు దాని వ్యాపారం ప్రధానంగా పశ్చిమ బెంగాల్, తూర్పు ఉత్తరప్రదేశ్‌లలో.

కంపెనీ యజమానుల పేర్లు, భవనం గీసినవాడి పేరు, హోటల్ కొన్న సంవత్సరం అన్నీ దొరుకుతాయి. రైలు భోజనశాలలో సూప్ మరిగించిన వంటవాడి పేరు, ఘాట్ రోడ్డు మీద పెట్టె మోసిన కూలి పేరు దొరకవు. బేరర్లు, వంటవాళ్లు, స్టోర్ గుమాస్తాల కుటుంబాలు గూడూరు, రేణిగుంట, గుంతకల్లు, బెజవాడ రైల్వే కాలనీల్లో, మద్రాసు పెరంబూరులో తరాలుగా ఉన్నాయి. తాతల నాటి ఉద్యోగ ధ్రువపత్రాలు, కోటు గుండీలు, వంటల చిట్టాలు, చెప్పుకున్న కబుర్లు ఆ ఇళ్లలో మిగిలి ఉండే అవకాశం ఉంది. మన విశ్వవిద్యాలయాల చరిత్ర విభాగాలు ఒక టేపు రికార్డరుతో ఆ వీధుల్లోకి వెళ్లాలి. అది వచ్చే ఏటికి వాయిదా వేసే పని కాదు, డెబ్భై ఏళ్లు దాటినవాళ్లే ఆ కబుర్లు చెప్పగలరు.